శింశుమార చక్రము: కాలమును త్రిప్పు ఇరుసు



శ్రీమద్భాగవతమున పంచమస్కంధమును ప్రవచించువారు జడభరతోపాఖ్యానము వద్ద చాల దినములు నిలుతురు. పిమ్మట వచ్చు భూగోళ ఖగోళ వర్ణనములను ఒక్క పూటలో దాటించి, షష్ఠస్కంధములోని అజామిళుని కథకు త్వరపడుదురు. మేమును పెక్కు సంవత్సరములు అట్లే చేసితిమి. యోజనముల లెక్కలు వినుటకు శ్రోతలకు ఓపిక ఉండదని చెప్పుకొనెడివారము. అది సాకు మాత్రమే. ఆ ఘట్టమును విప్పి చెప్పుటకు మాకే ధైర్యము చాలలేదు.

ఒకనాడు ప్రవచనము ముగిసి తీర్థప్రసాదములు పంచుచుండగా, ఇంజనీరింగు చదువుచున్న యువకుడొకడు దగ్గరకు వచ్చి, “అయ్యా, ధ్రువుడు కల్పాంతం వరకు కదలడని చెప్పారు. ధ్రువనక్షత్రం స్థానం మారుతుందని మా పుస్తకాల్లో ఉంది. రెండింట్లో ఏది అబద్ధమండీ?” అని అడిగెను. చుట్టునున్నవారు నవ్విరి. మేమును నవ్వి, “ఋషులకు తెలియనిది ఏముంది నాయనా” అని దాటవేసితిమి. అతడు నమస్కరించి వెళ్లెను. కాని ఆ ముఖము చూచినప్పుడు, ఒక జిజ్ఞాసువును వట్టి చేతులతో పంపితిమని మాకు తెలిసినది. ఈ వ్యాసము ఆ ప్రశ్నకు ఆలస్యముగా ఇచ్చుచున్న సమాధానము.

పంచమస్కంధము ఇరువదిమూడవ అధ్యాయమున శుకమహర్షి పరీక్షిన్మహారాజునకు చెప్పిన విషయము ఇది. సప్తర్షి మండలమునకు పైన 13 లక్షల యోజనముల దూరమున విష్ణుపదము కలదు. అక్కడ ధ్రువుడు నిలిచియున్నాడు. అగ్ని, ఇంద్రుడు, ప్రజాపతి, కశ్యపుడు, ధర్ముడు ఆయనకు ప్రదక్షిణము చేయుచుందురు. ఱెప్పపాటు లేనిదియు, వేగము ఇంతయని తెలియరానిదియు అగు కాలము గ్రహనక్షత్రములను త్రిప్పుచుండగా, వాటికన్నిటికిని ధ్రువుడు ఆధారస్తంభముగా నియమింపబడినాడు. ఆ జ్యోతిస్సులు నేల రాలవు, ఒకదానితో నొకటి ఢీకొనవు. గాలి ఆధారముగా మేఘములును డేగలును ఆకాశమున నిలుచునట్లు, అవి వాయువు చేత ధ్రువునికి కట్టబడి తిరుగుచున్నవి.

ఇచ్చట శుకుడు చెప్పిన ఉపమానము మన పల్లెలకు చెందినది. కళ్ళము నడుమ పాతిన రాటకు పశువులను బంతి కట్టి ధాన్యము త్రొక్కించుటను పెద్దవారు చూచియే యుందురు. ఇప్పటి పిల్లలు కోతయంత్రమును చూచిరి గాని బంతిని చూడలేదు గనుక కొంచెము వివరింతుము. రాటకు దగ్గరనున్న ఎద్దు చిన్న చుట్టు తిరుగును, అడుగులు మెల్లగా వేయును. బంతి కొసనున్న ఎద్దు పెద్ద చుట్టు తిరుగవలెను గనుక వడివడిగా నడచును. అయినను అన్నియు ఒకే త్రాట నుండుట చేత చుట్టు పూర్తియగుట ఒకేసారి.

ఉత్తరాకాశమును ఒక రాత్రి గమనించినచో కనబడునది ఇదియే. ధ్రువునికి చేరువనున్న చుక్కలు చిన్న వలయమున కదలును. దూరముగా నున్న చుక్కలు ఆకాశమంత వలయమున పరుగెత్తును. అన్నిటికిని ఒక చుట్టునకు పట్టు కాలము ఒక్కటే: 23 గంటల 56 నిమిషముల 4 సెకండ్లు. పురాణము ఈ సంఖ్యను చెప్పలేదు. బంతిని మాత్రము చూపినది. రాట లేనిదే బంతి లేదు, బంతి లేనిదే నూర్పు లేదు. కాలమనెడి కళ్ళమున రాట ధ్రువుడు.

సూర్యుని సంగతి వేరు. ఆయన రథమునకు ఒకే చక్రము, దాని పేరు సంవత్సరము. మాసములు పండ్రెండును దాని ఆకులు, ఋతువులు ఆరును దాని కమ్మి, చాతుర్మాస్యములు మూడును దాని నాభులు. ఇరుసు ఒక కొన మేరుశిఖరమున, రెండవ కొన మానసోత్తర పర్వతముపై నున్నవి. గానుగ చక్రమువలె ఆ చక్రము మానసోత్తరముపై తిరుగును. ఈ ఇరుసుకు తగిలించిన రెండవ ఇరుసు ఒకటి కలదు. మొదటిదానిలో నాలుగవవంతు పొడవు గల ఆ ఇరుసు పై కొన ధ్రువునియందు బిగింపబడినది. అనగా సూర్యరథము సైతము ఆ రాటకు కట్టబడినదే. మానసోత్తరము చుట్టుకొలత 9 కోట్ల 51 లక్షల యోజనములు. దాని నాలుగు దిక్కుల ఇంద్రుని, యముని, వరుణుని, సోముని పురములు నాలుగు కలవు. ఒక పురమునుండి తరువాతి పురమునకు సూర్యుడు 15 ఘడియలలో చేరును. 15 ఘడియలనగా మన 6 గంటలు. ఒకచోట ఉదయమైనప్పుడు వేఱొకచోట మధ్యాహ్నము, మఱియొకచోట అస్తమయము, ఇంకొకచోట అర్ధరాత్రము అగుచుండునని శుకుడు స్పష్టముగా చెప్పెను. అమెరికాలోని పిల్లలకు ఫోను చేయుటకు ముందు గడియారము చూచుకొను నేటి తల్లిదండ్రులకు ఈ మాట తెలియజెప్ప నక్కఱలేదు.

అయితే పరీక్షిత్తు సామాన్యమైన శ్రోత కాడు. ఇరువదిరెండవ అధ్యాయారంభమున ఆయన వేసిన ప్రశ్న చూడుడు. సూర్యుడు మేరువునకును ధ్రువునికిని ప్రదక్షిణముగా తిరుగునని చెప్పుచునే, రాశుల కెదురుగా అప్రదక్షిణముగా పోవునని కూడ చెప్పుచున్నారు, ఈ రెండును ఎట్లు పొసగునని ఆయన అడిగెను. ప్రాణములు పోవుటకు ఏడు దినములు గడువున్నవాడు, వినుచున్న వర్ణనములో వైరుధ్యమును పట్టుకొని నిలదీసినాడు. శుకుడు కోపింపలేదు, దాటవేయలేదు. కుమ్మరి సారె తిరుగుచుండగా దానిపై నడచు చీమలను చూడుమనెను. సారె చీమను తనతో ఒక వైపు త్రిప్పును. చీమ తన కాళ్లతో మఱియొక వైపు నడచును. సారె చుట్టు వేఱు, చీమ నడక వేఱు. అట్లే నక్షత్రచక్రము సూర్యుని దినమున కొక్కసారి పడమటికి త్రిప్పుచున్నను, సూర్యుడు తన నడకతో దినమునకు ఇంచుమించు ఒక డిగ్రీ తూర్పునకు జరుగును. ఆ ఒక్క డిగ్రీ వెనుకబాటు వలననే సూర్యుని దినము నక్షత్ర దినము కంటె సుమారు 4 నిమిషములు ఎక్కువ. ఆ నాలుగేసి నిమిషములు కూడి కూడి ఒక సంవత్సరమున ఒక పూర్తి దినమగును. సూర్యుడు 365 సారులు ఉదయించు కాలమున నక్షత్రచక్రము 366 సారులు తిరుగును. ఖగోళశాస్త్రము చదివినవారికి ఇంతకంటె సులభముగా ఈ విషయమును బోధించు ఉపమానము మాకు తెలియదు.

ఇక శింశుమారము. మన నిఘంటువులలో శింశుమారమునకు మొసలి యను అర్థము కలదు. కాని సంస్కృతమున శిశుమారమనగా ముఖ్యముగా గంగానదిలోని డాల్ఫిను. హిందీలో దానిని పిలుచు సూంస్ అను పేరు ఈ పదమునుండి వచ్చినదే. 2009లో భారత ప్రభుత్వము జాతీయ జలచరముగా ప్రకటించినది ఈ ప్రాణినే. కృష్ణా గోదావరులలో ఇది లేదు గనుక మనవారు మొసలితో సరిపెట్టుకొనిరేమో యని మా ఊహ. శుకుడు వర్ణించిన ఆకారము మొసలికి కుదురదు. తల క్రిందికి, తోక పైకి, శరీరము చుట్టగా వంగియుండును. ఊపిరి పీల్చుకొని మరల నీటిలోనికి మునుగు డాల్ఫిను రూపము సరిగా అది.

ఆ తోక కొసన ధ్రువుడు. తోకపై ప్రజాపతి, అగ్ని, ఇంద్రుడు, ధర్ముడు. తోక మొదట ధాతృవిధాతలు. కటియందు సప్తర్షులు. హృదయమున నారాయణుడు, మనస్సున చంద్రుడు, ఉదరమున ఆకాశగంగ. రోమములే తారకలు. మన జన్మనక్షత్రములు కూడ దాని దేహమున నున్నవి. అభిజిత్తుతో కూడి 28 నక్షత్రములు: అభిజిత్తు, ఉత్తరాషాఢ ముక్కుపుటములు, శ్రవణము, పూర్వాషాఢ కన్నులు, ధనిష్ఠ, మూల చెవులు. శతభిషము, జ్యేష్ఠ భుజములు. మఖ మొదలు అనూరాధ వఱకు ఎనిమిది ఎడమ ప్రక్కటెముకలు. మృగశిర మొదలు వెనుకకు పూర్వాభాద్ర వఱకు ఎనిమిది కుడి ప్రక్కటెముకలు. ఆర్ద్ర, ఆశ్లేష పాదములు, పునర్వసు, పుష్యమి శ్రోణులు. ఈ జాబితాను వట్టి పేర్లుగా చదివినచో విసుగు పుట్టును. ఒక కాగితముపై గీసి చూచినచో ముక్కు వద్ద రెండుగా చీలిన నక్షత్రమాల, కుడియెడమల సమానముగా దిగి, శ్రోణుల వద్ద మరల కలియును. ఒక్క నక్షత్రమైనను వరుస తప్పలేదు. ఇది కవి నోటికి వచ్చినట్లు పలికినది కాదు, లెక్క చూచి కూర్చినది.

పురాణమును ఇంకొకచోట తెఱచినచో ఈ చక్రము యొక్క అసలు రహస్యము కథగా కనబడును. చతుర్థస్కంధమున ధ్రువుని కథ అందఱికిని తెలిసినదే. సురుచి మాటకు నొచ్చుకొని ఐదేండ్ల బాలుడు మధువనమునకు పోవుట వఱకు ఉత్సాహముతో వినెదము. తరువాత ఆయన వివాహము సంగతి ఎవరును పట్టించుకొనరు. ధ్రువుడు పెండ్లాడినది ఎవరిని? శిశుమారుడను ప్రజాపతి కూతురిని. ఆమె పేరు భ్రమి. భ్రమి యనగా తిరుగుట. వారికి కలిగిన కుమారులు ఇద్దఱు: కల్పుడు, వత్సరుడు. ధ్రువుని మఱియొక భార్య ఇల వాయుదేవుని కుమార్తె. ఆమె కొడుకు ఉత్కలుడు పుట్టుకతోనే విరాగి, సింహాసనము వలదనెను. పెద్దలు అతనిని జడుడనుకొని, భ్రమి కొడుకైన వత్సరునికి పట్టము కట్టిరి. వత్సరుని కుమారులలో ఇషుడు, ఊర్జుడు కలరు. ఇవి ఆశ్వయుజ కార్తికములకు వైదిక నామములు. మఱియొక కుమారుడు పుష్పార్ణునికి ప్రభ, దోష యను ఇద్దఱు భార్యలు. ప్రభ కొడుకులు ప్రాతస్సు, మధ్యందినము, సాయము. దోష కొడుకులు ప్రదోషము, నిశీథము, వ్యుష్టము.

కదలనివాడు తిరుగుటను పెండ్లాడగా సంవత్సరము పుట్టినది. సంవత్సరమునకు మాసములు పుట్టినవి. మనుమలకు ఉదయము, మధ్యాహ్నము, సాయంకాలము పుట్టినవి. ఖగోళాధ్యాయములలో యంత్రముగా చెప్పిన విషయమునే పురాణము ఇచ్చట వంశవృక్షముగా చెప్పినది. అన్నియు కదలుచున్నచో కాలమును కొలువలేము. ఏదియు కదలకున్నను కొలువలేము. ఒకటి నిలిచి, తక్కినది తిరిగినప్పుడే గడియ యనునది ఏర్పడును. మన యింటి గోడగడియారమున ముల్లు తిరుగుటకు నడుమ మేకు ఉండవలెను గదా.

ఇప్పుడు ఆ విద్యార్థి ప్రశ్నకు వత్తము. ఆ మేకు కదలుచున్నదా?

కదలుచున్నది. భూమి తిరుగుచునే, వేగము తగ్గిన బొంగరమువలె తన ఇరుసును మెల్లగా త్రిప్పుచున్నది. ఆ చుట్టు పూర్తియగుటకు సుమారు 26,000 సంవత్సరములు పట్టును. నేడు మనము ధ్రువుడని చూపు నక్షత్రము అసలు ధ్రువబిందువునకు అర డిగ్రీకి కొంచెము ఎక్కువ దూరమున, అనగా పూర్ణచంద్రబింబము వెడల్పు కంటె కొంచెము ఎక్కువ దూరమున నున్నది. 2100 ప్రాంతమున అది మిక్కిలి చేరువగా వచ్చి, పిమ్మట దూరమగును. క్రీస్తుపూర్వము 2800 ప్రాంతమున ఆ స్థానమునకు సమీపమున నున్నది వేఱొక నక్షత్రము, థూబన్ అని నేడు పిలుచునది. నడుమ అనేక శతాబ్దములు ఆ స్థానమున చెప్పుకోదగిన నక్షత్రమే లేదు.

ఈ విషయమును తప్పించుకొనుటకు ఉపన్యాసకులకు రెండు మార్గములు అలవాటు. ఒకటి, పాశ్చాత్యుల లెక్కలు తప్పనుట. రెండవది, ఈ లెక్కలన్నియు భాగవతములోనే ఉన్నవనుట. రెండవ మార్గమున మేము చాల దూరము నడచితిమి. యోజనమునకు మనకు కావలసినన్ని మైళ్లు వేసికొని, పురాణసంఖ్యలు నేటి కొలతలతో సరిపోయినవని వేదికపై చెప్పి చప్పట్లు కొట్టించుకొంటిమి. అది సత్యము కాదు. సూర్యునికంటె లక్ష యోజనములు పైన చంద్రుడు ఉన్నాడని పంచమస్కంధము చెప్పుచున్నది. చంద్రుడు మనకు అన్నిటికంటె చేరువనున్నాడనియు, గ్రహణములు నీడల వలన కలుగుననియు 499లో ఆర్యభటుడు వ్రాసెను. పడవలో పోవువానికి ఒడ్డు వెనుకకు పోవుచున్నట్లు తోచునట్లే, నిలిచియున్న నక్షత్రములు పడమటికి పోవుచున్నట్లు తోచునని చెప్పినవాడును ఆయనయే. ఆర్యభటుడు పరాయివాడు కాడు. పురాణమును సిద్ధాంతగ్రంథములును ఈ దేశమున పక్కపక్కనే చదువబడినవి. ఒకదానికి మఱియొకదాని పని అప్పగింపవలసిన అవసరము మన పెద్దలకు కలుగలేదు.

పురాణము పని ఏమిటో శుకుడే చెప్పినాడు. ద్వీపవర్ణనమునకు పూనుకొనునప్పుడే, దేవతల ఆయుర్దాయము లభించినను ఈ విభూతి అంతమును మనస్సుచేత గాని వాక్కుచేత గాని ఎవరును ఎఱుగజాలరని ఆయన ముందుగా ఒప్పుకొనెను. శింశుమారమును చెప్పునప్పుడు కూడ, ఈ జ్యోతిర్మండలమును “కొందఱు” యోగధారణ కొఱకు వాసుదేవుని శింశుమార రూపముగా వర్ణింతురనెను. ఆ “కొందఱు” అను మాటను మేము ఎన్నియో సారులు చదివియు గమనింపలేదు. ఆకాశమున డాల్ఫిను ఉన్నదని ఆయన సాక్ష్యము చెప్పలేదు. సంధ్యవేళ నియమముతో, మౌనముతో ఆకాశమును చూచుచు, చెదరు మనస్సును నిలుపుకొనుటకు పూర్వులు కల్పించుకొన్న రూపమనెను. విష్ణుపురాణము ద్వితీయాంశమున కూడ ఈ శింశుమారము కలదు. తైత్తిరీయారణ్యకము రెండవ ప్రపాఠకమున దివ్యశిశుమారము కలదు. ఈ ధ్యానము భాగవతమునకంటె ప్రాచీనము.

ధ్రువుడు కదలుననుట విని ఆస్తికుడు బెదరవలెనా? ఉపనిషత్తు బెదరలేదు. మైత్రాయణీయోపనిషత్తు ఆరంభమున బృహద్రథుడను రాజు కుమారునికి రాజ్యమిచ్చి అడవికి పోయి, శాకాయన్యుడను మునిని ఆశ్రయించును. ఆయన తన దుఃఖమును విప్పి చెప్పుచు, ఈ లోకమున నశించు వాటిని వరుసగా లెక్కపెట్టును. మహాసముద్రములు ఎండుట, పర్వతశిఖరములు కూలుట. ఆ తరువాత, ధ్రువుడు చలించుట, గాలి త్రాళ్లు తెగుట. కళ్ళములోని రాట, రాటకు కట్టిన త్రాళ్లు, రెండును ఆ జాబితాలో నున్నవి. అయనచలనము లెక్కలు ఆ రాజునకు తెలియునని మేము చెప్పబోము. ఆ తప్పు మరల చేయము. కాని అన్నిటికంటె స్థిరమని పేరుబడినది కూడ కదలగలదను ఆలోచన ఈ సంప్రదాయమునకు క్రొత్త కాదు. దానిని దైవనిందగా ఎవరును ఎంచలేదు. ఆ ఆలోచన నుండియే ఆ రాజు ముముక్షువైనాడు.

అట్లయిన కల్పాంతము వఱకు నిలుచుననిన మాట ఏమగును? మా తాత్పర్యము ఇది, నిర్బంధము లేదు. ధ్రువునికి లభించినది ఒక పదము, ఒక స్థానము. చుక్కలు వచ్చి పోవును. భూమి తిరుగుచున్నంత కాలము దాని ఇరుసు చూపు దిక్కు ఒకటి ఉండియే తీరును. చుక్క లేని శతాబ్దములలో కూడ బంతి ఆగలేదు, చుక్కలు ఆ శూన్యమైన చోటు చుట్టునే తిరిగినవి. వ్యాఖ్యాతలు మఱియొక విధముగా చెప్పవచ్చును. వారితో మాకు వాదము లేదు.

ఆ యువకుడు మరుసటి సంవత్సరము వేసవి సెలవులలో కనబడగా, ఈ మాటలన్నియు చెప్పుటకు మునుపు అతనిని రాత్రి సత్రము మేడపైకి రమ్మంటిమి. మన పెండ్లిండ్లలో మిట్టమధ్యాహ్నమున పందిరి వెలుపలికి తీసికొనిపోయి అరుంధతిని చూపుటయు, వధూవరులు కనబడినదని తల ఊపుటయు జరుగుచుండును గాని, అసలు చుక్కను చూచినవారు తక్కువ. అతడును చూడలేదు. చైత్రమాసము, రాత్రి 9 గంటలు. ఉత్తరముగా నిలిచినచో సప్తర్షులు ఎత్తున కనబడుదురు. వారిలో ముందున్న క్రతువు, పులహుడు అను రెండు చుక్కలను కలుపు గీతను, వాటి నడుమ ఎడమునకు ఐదు రెట్లు క్రిందికి పొడిగించినచో ధ్రువుడు. కాశీలో ఆయన ఎత్తుగా నుండును. మన నాట ఏ ఊరి అక్షాంశము ఎంతయో అంతే ఎత్తు: భాగ్యనగరమున 17 డిగ్రీలు, తిరుపతిలో 14 డిగ్రీలకు లోపు. చేయి చాచి పట్టిన పిడికిలి 10 డిగ్రీలు. కనుక ఒకటిన్నర పిడికిళ్ల ఎత్తున వెదకవలెను. చెట్టో మేడయో అడ్డమున్నచో అంతే. మాకు ఒక కొబ్బరిచెట్టు అడ్డము వచ్చినది, రెండడుగులు జరిగితిమి.

ఆ చుక్క అంత మినుకుమినుకుమనుచుండునని అతడు అనుకొనలేదట. “ఇంతేనా అండీ?” అనెను. ఇంతే. పిట్టగోడ మీద ఒక బలపపు గుర్తు పెట్టించి, మెట్లపై కూర్చొని పైన వ్రాసినదంతయు చెప్పితిమి. 11 గంటలకు మరల అదే చోట నిలువబడి చూచినాడు. సప్తర్షులు ఎడమకు, పడమటి వైపునకు ఒరిగియున్నారు. కొబ్బరిచెట్టు ప్రక్కన ధ్రువుడు గుర్తుకు సరిగా పైననే ఉన్నాడు. అతడు చాలసేపు మాటలాడలేదు. పిమ్మట, తెల్లవాఱుజాము వఱకు ఇక్కడే కూర్చుండవచ్చునా అని అడిగెను. మేము క్రిందికి దిగి, కావలివానితో మేడ తలుపు వేయవద్దని చెప్పితిమి.